దొంగ వేషానికి పనికొచ్చే యాస

డెబ్భైల చివర్లో, మద్రాసు నుంచి వచ్చే రైల్లో నా ఎదురుగా కూర్చున్నాయన సినిమాల్లో చిన్న వేషాలకు మనుషుల్ని ఎంపిక చేస్తానన్నాడు. నాటకాల పిచ్చి నాకు. ఆగలేక అడిగేశాను.

“జర నాకు గూడ ఒక వేషం ఇప్పియ్యుండ్రన్నా.”

ఆయన ఎగాదిగా చూశాడు. “ముఖం ఫరవాలేదు. ఆ యాసే... దొంగ వేషానికి తప్ప పనికిరాదండీ. వినగానే జనం నవ్వుతారు.”

వరంగల్‌లో ఇద్దరం దిగాం.

ప్లాట్‌ఫారం మీద ఒక ముసలమ్మ ఎదురొచ్చి ఆయన చెంపలు నిమిరింది. “గింత బక్కగైనవేంది కొడుకా?”

“ఏం ఫికర్ లేదవ్వా, మంచిగనే ఉన్న,” అన్నాడాయన, నా వైపు చూడకుండా.

ఆ తర్వాత ఎన్నో సినిమాలు చూశాను. తెర మీద దొంగ నోరు విప్పగానే హాలంతా పడీపడీ నవ్వుతుంది. నాకు మాత్రం అందరూ కలిసి ఆ అవ్వను చూసి నవ్వుతున్నట్టే ఉంటుంది.