డాక్టరుకు నష్టం రాకూడదని

మద్రాసులో, మా తొండియార్‌పేట వీధిలో ఒక కుర్ర డాక్టరు ముసలివాళ్ల కోసమే క్లినిక్ పెట్టాడు. తెలుగువాళ్ల పిల్లాడే గానీ, నోరు తెరిస్తే ముందు తమిళమే వచ్చేది. ముసలితనంలో నేర్చిన అక్షరాలతో బోర్డు కూడబలుక్కుని చదివి లోపలికి వెళ్లాను. నెలనెలా ఒకటే రుసుం, ఎన్నిసార్లు వెళ్లినా అంతే. పెద్దాసుపత్రిలో చేరితే ఆ ఖర్చులో కొంత కూడా అందులోనే. తెరిచిన రోజు అందరికీ టీ ఇచ్చి, దాపరికం లేకుండా చెప్పాడు.

"మీరు పెద్దాసుపత్రిలో పడితే ఆ బిల్లులో కొంత నా నెత్తిన పడతాది. మీరు బాగుంటేనే నా అంగడి నిలబడేది. అందుకే మిమ్మల్ని బాగా చూసుకుంటా."

మంచి మాటే. మేం దాన్ని మా బుద్ధికి తోచినట్టు తీసుకున్నాం. జబ్బు పడితే ఆ పిల్లాడికి ద్రోహం చేసినట్టేనని. అంతకుముందు మమ్మల్ని కూర్చోబెట్టి మాట్లాడిన డాక్టరు లేడు మరి. రోజూ పొద్దున్నే క్లినిక్ నర్సు ఎలా ఉన్నారని ఫోన్ చేస్తే వీధి మొత్తం ఒకటే జవాబు, బాగున్నామని. ఎదురింటావిడ కళ్లు తిరిగి పడి, నుదుట బొప్పితోనే ఆ మాట చెప్పింది.

మా ఆయన హార్బరులో మూటలు మోసిన మనిషి. చక్కెర జబ్బు. బొటనవేలికి పుండు పడితే పసుపు అద్ది గుడ్డ చుట్టుకున్నాడు. క్లినిక్‌లో పాదాలు చూసే రోజున, అంబత్తూరులో కూతురింటికి పోతున్నానని నర్సుకు చెప్పి ఇంట్లోనే పడుకున్నాడు.

"ఏమయ్యా, వాసనొస్తాంది. నేను పోయి చెప్పేస్తా."

"చెప్పమాక. ఇప్పటికే మన వీధోళ్లు ఇద్దరు ఆసుపత్రిలో చేరినారు. నేనూ పోతే అంగడి మూసేస్తాడు. అప్పుడు ఈడ మనల్ని ఎవురు చూస్తారే?"

"కాలు పోయినాక అంగడి ఉంటే ఎంత, లేకుంటే ఎంత?"

"నీకు నోరెక్కువ."

"నీకు బుర్ర తక్కువ. పడుకో."

ఆ సాయంత్రమే వెళ్లి చెప్పాను. డాక్టరు నా వెంటే వచ్చి, నేల మీద కూర్చుని కట్టు విప్పాడు. వేలు నల్లబడింది. నలుపు పాదం మీదికి పాకింది.

"ఏంటికి తాతా చెప్పలేదు?"

"నీకు నష్టం వస్తాదని, నాయనా."

డాక్టరు తల వంచుకుని, ఆ గుడ్డ చేతిలో పట్టుకునే పెద్దాసుపత్రికి ఫోన్ చేశాడు. నాకు జాలి కలగలేదు. లాభనష్టాలు మాకు చెప్పింది అతనే.

అక్కడ మోకాలి కిందికి కాలు తీసేశారు. మత్తు దిగాక మా ఆయన కాలి సంగతి అడగలేదు.

"ఆ పిల్లోడికి ఎంత పడిందంట?" అన్నాడు.

నేను దుప్పటి లాగి ఆ కట్టు మీద కప్పాను.

తరువాత డాక్టరు మళ్లీ అందరినీ కూర్చోబెట్టాడు. పుండు చిన్నగా ఉన్నప్పుడే చెబితే మీకూ మేలు, నాకూ మేలు, దాచితేనే నేను మునిగేది అన్నాడు. ఈ ముక్క మొదట్లోనే చెప్పి ఉండాల్సింది. అందరూ తలలూపారు. నర్సు పాదాలు చూసుకుంటూ వరుసగా వస్తోంది. నా పక్కన కూర్చున్న, ఇడ్లీలమ్మే ముసలామె ఎడమకాలిని మెల్లగా చీర కిందికి లాక్కుంది.

"కాలు చాపక్కా," అన్నాను.

"ఏం లేదులే. గీసుకునింది, అంతే."

వంగి ఆ కాలు పట్టుకుని నర్సు ముందుకు లాగాను. ఆమె నన్ను తిట్టింది. తిట్టుకోనీ.