నూరోవా మరిచిన కొమ్మ

రారోటోంగా దీవిలో కోతలరాయుళ్లకి కొదవ లేదు గానీ, అందరినీ వరసలో నిలబెడితే నూరోవా ముందుంటాడు. ఓసారి గాలానికి పడ్డ చేప అతని పడవని దీవి చుట్టూ మూడుసార్లు తిప్పిందట, అతను అందులో హాయిగా కునుకు తీశాడట. తుఫాను ఎత్తుకుపోయిన ఇంటికప్పు, తెల్లారేసరికి దానిమీద ఆరేసిన బట్టలు మడతపెట్టి మరీ తిరిగొచ్చిందట.

ఇలాంటివాడు అబద్ధమాడకుండా చేసే పని ఒక్కటే, కొండలోయలో కకెరోరి పిట్టల్ని కాయడం. గుప్పెట్లో పట్టే ఆ పిట్టకి పుట్టిల్లు ఈ ఒక్క దీవే. చిన్నతనంలో బొప్పాయిపండు రంగు, నాలుగేళ్లు దాటితే బూడిదరంగు. తన కబుర్లు విని విని వాటి ఈకలు నెరిశాయని నూరోవా వాదన.

గూడు కనబడితే ఎలుకలు పాకలేకుండా చెట్టు మొదలుకి రేకు చుట్టాలి. పక్కచెట్టు కొమ్మ ఆనుకుని ఉంటే నరికెయ్యాలి. ఓ ఉదయం రేకు కొడుతుంటే బూడిదరంగు ఆడపిట్ట చేతికందేంత దగ్గరికొచ్చి, తల వాల్చి చూసింది. మధ్యలో అడ్డు తగలని శ్రోత దొరికితే నూరోవా ఊరుకుంటాడా? చేప కథ మొదలెట్టాడు. కథయ్యాక తృప్తిగా కొండ దిగొచ్చేశాడు.

మధ్యాహ్నం ఇంట్లో చేమదుంప ముక్క నోట్లో పెట్టుకోబోతుంటే, పక్కచెట్టు కొమ్మ వంతెనలా గూటిమీదికి వాలి ఉండడం కళ్లముందు మెదిలింది. గూట్లో రెండు గుడ్లు. తన మోకాళ్లు చెట్టెక్కనివ్వవు. పక్కింటి బావమరిదిని సాయమడిగితే, ఆ ఎలుకలు టోపీలు కూడా పెట్టుకొస్తున్నాయా అని నవ్వి, తలుపు వేసుకున్నాడు.

భార్య తెపైరు అరుగుమీద ఆడవాళ్లతో కలిసి పూలదుప్పటి కుడుతోంది. నూరోవా వచ్చి నిలబడ్డాడు.

"కొమ్మ కొట్టలేదే. మరిచిపోయాను."

ఆడవాళ్లు మిగతా కథ కోసం చెవులు రిక్కించారు.

"అంతేనా?" అంది తెపైరు.

"అంతే."

"అయితే నిజమే. పద." సూది గుడ్డకి గుచ్చి, కత్తి అందుకుంది.

లోయలోకి మబ్బు దిగింది. చెట్ల మొదళ్లు కనబడవు, ఆకులు మాత్రం గాల్లో తేలుతున్నాయి. వాగు చప్పుడు ఓసారి పైనుంచి, ఓసారి పాదాల కిందనుంచి వస్తోంది. కొండ నిద్రలో ఊపిరి తీస్తున్నట్టుంది.

"నా కాళ్లు గట్టిగా పట్టుకో. కిందపడితే ఊళ్లో ఏ కథ చెబుతావో నాకు తెలుసు," అంటూ అరవయ్యేళ్ల తెపైరు పక్కచెట్టెక్కింది. నాలుగు దెబ్బలు వేసింది. తెగిన కొమ్మ మబ్బులోకి జారి ఎటో పోయింది. పిట్ట బెదిరి ఎగిరిపోయింది.

తిరిగి రాకపోతే గుడ్లు చల్లబడతాయి. ఇద్దరూ నాచుమీద ఒకరికొకరు ఆనుకుని కూర్చున్నారు. ఎంతసేపో తెలీదు, ఫెర్న్ ఆకులు బొట్లు రాలుస్తూనే ఉన్నాయి. నూరోవా ఒక్క ముక్క మాట్లాడలేదు. తెపైరు అతని నుదురు తాకి చూసింది, జ్వరమేమో అని.

మబ్బులోంచి చిన్న బూడిదరంగు ముక్క విడివడి, గూటి అంచున వాలింది. లోపలికి తొంగిచూసింది. ఈకలు పొంగించి, మెల్లగా సర్దుకుని కూర్చుంది. గూటికి అల్లిన నాచు పైన తోక కొస మాత్రం కనబడుతోంది.