సోంబారి కట్టని జరిమానా

హుకుంపేట దగ్గరి కొండవాలులో పాంగి సోంబారికి మెట్టచేను ఒకటి ఉండేది. భర్త పోయిన ఏడాదే, ఆ చేను ఆయన తనకు రాసిచ్చాడంటూ మైదానపు సావుకారు అప్పలనరసయ్య కాగితం చూపించాడు. 1926లో తగవు ఏజెన్సీ కోర్టుకెక్కింది. తీర్పు వచ్చేదాకా ఇద్దరూ చేనులో అడుగు పెట్టరాదని, తగవు విచారించే కోర్టు దొర ఉత్తర్వు ఇచ్చారు. అయితే విత్తనాల పండుగనాడు పిడికెడు సామలైనా చల్లకపోతే చేనుమీద ఆశ వదులుకున్నట్టేనని కొండవాళ్ల కట్టుబాటు. సోంబారి వెళ్లి చల్లింది. కోర్టు ధిక్కారమంటూ సావుకారు ఫిర్యాదు చేశాడు.

"తప్పు ఒప్పుకుని జరిమానా కట్టు, లేదా జైలు కొట్లో ఉండు," అన్నారు దొర.

సావుకారు ఆమె పక్కకు జరిగాడు. "కొట్లో ఏటి సేత్తావే, ఎలకలకు కతలు సెప్తావా? ఆ జరిమానా నేనే కడతాను. బేగి కొండెక్కిపో."

కొండమీద పెద్దల ముందు తప్పు డబ్బు కట్టినవాళ్లు తగవు ఓడినట్టే. ఆ భూమి మాట మళ్లీ ఎత్తకూడదు. సంతలన్నీ తిరిగే సావుకారుకు ఆ సంగతి బాగా తెలుసు.

"నా తప్పుమీద నీకెంత పేమ, సావుకారా!" అని నవ్వి, సోంబారి దొర వైపు తిరిగింది. "బాబూ, మీ మాట దాటాను, నిజమే. దానికి కొట్లో పెట్టండి. డబ్బు కడితే మాత్రం సేను ఒగ్గేసినట్టే. కట్టను."

దొర గుమాస్తాను పిలిచారు. ఈ శిక్షకూ చేను తగవుకూ సంబంధం లేదని రాయించి, ఆమెను కొట్లోకి పంపారు. సోంబారి జవానుకన్నా ముందే నడిచి, గుమ్మం దగ్గర మరిదిని పిలిచింది.

"పిట్టల్ని గట్టుమీంచే తోలు. లోపల అడుగెట్టకు, కోర్టు మాట."