ఆమె పెదవులకు నా మాట

నాలుగేళ్లపాటు నేను ఒక ఐర్లండ్ నటికి తెలుగులో గొంతునిచ్చాను. ఆమె నన్ను ఒక్కసారీ చూడలేదు. నేనంటూ ఒకదాన్ని ఉన్నానని ఆమెకు తెలుసో లేదో కూడా నాకు తెలియదు.

మాది శంషాబాద్ దగ్గర తొండుపల్లి. పెళ్లికి ముందు నగరంలోని ఒక నాటక సమాజంలో ఎనిమిదేళ్లు వేషాలు వేశాను. పెళ్లయ్యాక రిహార్సళ్లకు వెళ్లడం కుదరలేదు. డబ్బింగ్ అయితే పగటి పని, సాయంత్రానికి శంషాబాద్ బస్సు దొరుకుతుంది. అలా పరభాషా సీరియళ్లలో అమ్మలకూ అత్తలకూ మాటలు చెబుతుండగా ఈ ఐర్లండ్ సీరియల్ వచ్చింది. సముద్రం ఒడ్డున చిన్న ఊరు, అందులో బట్టలు కుట్టే ముసలావిడ. ఆ వేషం ఈ నటిది.

మొదటి రోజే నన్ను ఏడిపించింది. పెదవులు కదిపీ కదపనట్టు కదుపుతుంది. సగం మాట నోట్లోనే మింగేస్తుంది. నా తెలుగు వాక్యం పూర్తయ్యేలోగా ఆమె నోరు మూసుకుపోయేది. మా డబ్బింగ్ డైరెక్టర్‌ది గుంటూరు వైపు, ఓపిక గల మనిషి. "మీరు మాటలు పట్టుకుంటున్నారండీ. ఆవిడ మాట్లాడే ముందు ఊపిరి తీసుకుంటుంది, చూశారా? ముందు అది పట్టుకోండి," అన్నారు. నెల తిరిగేసరికి ఆమె ఎక్కడ ఆగుతుందో తెర చూడకుండానే తెలిసేది. నవ్వు మాత్రం నావల్ల కాలేదు. గొంతులో గులకరాళ్లు దొర్లినట్టు నవ్వేది. చివరికి ఆ నవ్వు ఆమెదే ఉంచేశాం.

మా అత్తమ్మ రోజూ ఆ సీరియల్ చూసేది. "ఏందే, గా తెల్లామె అచ్చం నీలెక్కనే గులుగుతది," అనేది.

"అది నేనే అత్తమ్మా."

"నువ్వయితే గంత సక్కగ కుడ్తవా?"

మూడో ఏడు ఛానల్ వాళ్లు ఆమె ఇంటర్వ్యూ ఒకటి పంపారు. దానికీ నేనే చెప్పాలి. అంతవరకూ పాత్ర మాటలు చెప్పినదాన్ని, ఆ రోజు 'నేను' అంటూ ఆమె బతుకు చెప్పాను. రొట్టెలు కాల్చే వాళ్ల ఇంట్లో పుట్టిందట. పదహారేళ్లకు నాటకాల కంపెనీలో చేరితే తండ్రి రెండేళ్లు మాట్లాడలేదట. ఒక పాత వ్యానులో సామానుతోపాటు ఊరూరూ తిరిగింది. ఆ దేశ రాజధానిలోని పెద్ద నాటకశాలలో పన్నెండేళ్లు పనిమనిషి వేషాలే వేసింది. టీవీ పిలిచేనాటికి యాభై దాటాయి. "ఇప్పుడు సంతలో అందరూ గుర్తుపడతారు. అయినా స్టేజీ మీద నిలబడితే తప్ప నాకు ఇంటికి వచ్చినట్టుండదు," అన్నది.

ఆ వాక్యం దగ్గర ఆమె పెదవులు ముందుకెళ్లిపోయాయి, నేను వెనకే ఉండిపోయాను. డైరెక్టర్‌గారు రికార్డింగ్ ఆపి మంచినీళ్లు పంపించారు.

"ఇంకా నాటకాలు వేస్తుందా సార్?" అని అడిగాను.

ఆయన ఫోన్లో వెతికారు. "వచ్చే చలికాలం వాళ్ల ఊళ్లోనే ఒకటుందండీ. ఆరు వారాలు."

ఒక్కసారి ఆ హాల్లో కూర్చోవాలనిపించింది. నా గొంతు అడ్డం లేకుండా, నాకు సరిగా అర్థం కాని ఆమె మాటలోనే ఆమెను వినాలనిపించింది. వారం రోజులు ఎవరికీ చెప్పలేదు. తర్వాత మా ఆయనతో అన్నాను. ఎయిర్‌పోర్టు కార్గోలో పనిచేసే మనిషి, రోజూ పెట్టెల మీద ఆ దేశాల పేర్లు చూస్తుంటాడు. నవ్వుతాడనుకున్నాను.

"పాస్‌పోర్టు ఉన్నదా?" అన్నాడు.

"లేదు."

"మరి ముందుగాల అది చేయించు. తర్వాత చూద్దాం."

ఎంక్వైరీకి వచ్చిన కానిస్టేబుల్ ఎక్కడికి పోతున్నావని అడిగాడు. ఐర్లండ్‌కు, నాటకం చూడటానికన్నాను. "నాటకం కోసం గంత దూరమా అక్కా?" అని నా ముఖం చూసి సంతకం తీసుకున్నాడు.

పాస్‌పోర్టు వచ్చిన వారమే, స్టూడియోలో డైరెక్టర్‌గారు నన్ను మైకు దగ్గరికి పోనివ్వలేదు. "కూర్చోండి. ఆవిడ పోయారటండీ. రెండు నెలలైందట. మనకిప్పుడే తెలిసింది."

ఆ రెండు నెలలూ నేను రోజూ ఆమె నోట మాట్లాడుతూనే ఉన్నాను. ఆమె ఊపిరి తీసిన చోటల్లా ఊపిరి తీశాను. ఇంకా పదకొండు ఎపిసోడ్లు మిగిలి ఉన్నాయి. అవీ చెప్పాను, ఎక్కడా ఆగకుండా. చివరిది టీవీలో వచ్చిన రోజు అత్తమ్మ, "ఇగ రాదా గామె?" అంది. రాదన్నాను. లేచి టీవీ ఆపేసింది.

ఈ మధ్య రాజేంద్రనగర్‌లో కొందరు ఉద్యోగులు నాటకం వేస్తున్నారంటే వెళ్లి నేనూ చేరాను. నాకిచ్చింది పొరుగింటామె వేషం, నాలుగు మాటలు. స్టేజీ మీద మొదటి మాట చెప్పగానే వెనక వరుసలోంచి ఒకతను, "జర గట్టిగ అక్కా, ఈడిదాక వినొస్తలేదు," అన్నాడు. ఇన్నేళ్లూ మైకు పక్కన గుసగుసగా చెప్పి చెప్పి, నా గొంతు హాలు చివరిదాకా పోవడం మరిచిపోయింది. ఆ నటి బతికి ఉంటే, ఎలాగైనా ఐర్లండ్ వెళ్లి, ఆ వయసులో చివరి వరుసదాకా మాట ఎలా పంపుతుందో ఆ హాల్లో కూర్చుని చూసేదాన్ని.