గీత మీద పడిన బంతి

నా చిన్నప్పుడు, అమెరికాలోని ప్లెయిన్స్‌బరోలో మా అపార్ట్‌మెంట్ల వెనకున్న టెన్నిస్ కోర్టులో ఒక మహాసంగ్రామం జరిగింది. ఆయుధాలు విరిగాయి, నెత్తురు ఏరులై పారింది, ఇద్దరు ప్రాణస్నేహితురాళ్లు బద్ధశత్రువులయ్యారు. ఇలా మొదలుపెడితే బావుంటుందని మొదలుపెట్టాను. నిజానికి విరిగింది ఒక్క రాకెట్, అదీ సేల్‌లో కొన్నది. నెత్తురు ఒక టవల్ తడిసేంత. శత్రుత్వం ఓ నలభై నిమిషాలు.

అప్పుడు నాకు తొమ్మిదేళ్లు, ఫోన్లకి ఇంకా బటన్లుండేవి. మా మేనత్త మా ఇంట్లోనే ఉండేది. వారమంతా మందుల కంపెనీ ల్యాబ్‌లో పని, శనివారం పొద్దున నాకూ పై ఫ్లోర్ అమ్మాయికీ టెన్నిస్ నేర్పడం. నేర్పడం కంటే కథ చెప్పడం ఎక్కువ. కథ ఎప్పుడూ ఒకావిడదే: వందేళ్ల కిందట టెన్నిస్ ఆడిన ఒక అమెరికా ఆవిడ. మిగతా ఆడవాళ్లు టోపీలు సర్దుకుంటూ బంతిని కిందనుంచి మెల్లగా అందిస్తుంటే, ఈవిడ తలపైకి ఎగరేసి గొడ్డలి వేటు వేసినట్టు కొట్టేదట. నెట్ దగ్గరికి దూసుకొచ్చి ఎదుటావిడ పక్కటెముకలకి గురిపెట్టేదట. ఓడెక్కి సముద్రం దాటి, అక్కడివాళ్లని కూడా చితక్కొట్టి వచ్చిందట. అప్పట్లో ఆడవాళ్లు నడుముకి ఉక్కుబద్దల కోర్సెట్ బిగించుకునే ఆడాలి. ఆటయ్యాక విప్పితే బద్దలు గుచ్చుకున్న చోటల్లా నెత్తురు. ఆ కోర్సెట్‌ని ఆరేసుకుని, మర్నాడు మళ్లీ అదే బిగించుకుని దిగేదట.

ఇందులో మాకు అందాల్సింది పట్టుదల. నాకు అందింది నెత్తురు. నాకూ కోర్సెట్ కావాలని అమ్మని పీడించాను. అమ్మ పాత లంగాలోంచి నాడా లాగి నా నడుముకి బిగించి, "ఇదే నీ కోర్సెట్. పద, పాలు తాగు" అంది.

ఆ వేసవి చివర కాంప్లెక్స్ పిల్లలకి పోటీ పెట్టారు. ఫైనల్లో నేనూ పై ఫ్లోర్ అమ్మాయీ. అంపైర్ ఎవరూ లేరు. పిల్లల ఆటల్లో ఎవరి వైపు పడిన బంతికి వాళ్లే తీర్పు చెప్పాలి, ఎదుటివాళ్లు నమ్మాలి. గీత మీద పడితే లోపల పడినట్టే.

ఆఖర్లో తన బంతి ఒకటి వచ్చి నా వెనక గీత మీద పడింది. లోపలంటే కప్పు తనది. నేను స్పష్టంగా చూశాను. చూసే "అవుట్!" అన్నాను.

తను నెట్ దగ్గరికి పరిగెత్తుకొచ్చింది. "లైన్ మీద పడింది! నువ్వు చూశావ్!"

"నా సైడ్, నా కాల్."

"చీటర్! ఇంకెప్పుడూ నీతో ఆడను. స్కూల్ బస్‌లో నీ పక్కన కూర్చోను కూడా!"

అబద్ధం ఆడినవాళ్లకి వచ్చేంత కోపం నిజం చెప్పేవాళ్లకి రాదు. రాకెట్ ఎత్తి నెట్ స్తంభానికేసి బలంకొద్దీ బాదాను. పిడి నా చేతిలో ఉండిపోయింది. పైముక్క ఎగిరెళ్లి తన కనుబొమ్మని చీల్చింది. నెత్తురు కంట్లోకి, చెంప మీదికి, తెల్ల టీషర్ట్ మీదికి దిగింది. ఇన్నాళ్లూ నేను కోరుకున్న దృశ్యం అదే. చేతిలోని పిడి కింద పడేశాను. ఆంటీలందరూ ఒకేసారి అరిచారు. ఒకావిడ పసుపు తెస్తానని ఇంటికి పరిగెత్తి, మళ్లీ రాలేదు.

అత్త తిట్టలేదు. ఇద్దర్నీ కార్‌లో వెనక కూర్చోబెట్టి, ఐస్ చుట్టిన టవల్ నా చేతిలో పెట్టింది. "గట్టిగా నొక్కి పట్టుకో. వదిలావో, మళ్లీ కారుతుంది." ముందు సీట్లో పై ఫ్లోర్ అమ్మాయి వాళ్లమ్మ ఏడుస్తూనే ఇన్సూరెన్స్ కార్డు వెతుక్కుంటోంది. అత్త డ్రైవ్ చేస్తూ, ఆ టెన్నిస్ ఆవిడ కథలో మాకెప్పుడూ చెప్పని ముక్క ఒకటి చెప్పింది. ఒక పెద్ద ఫైనల్లో ఎదుటావిడ బంతి గీత మీద పడితే, అంపైర్ బయట పడిందన్నాడట. జనం చప్పట్లు. ఈవిడ మాత్రం తర్వాతి బంతిని కావాలని నెట్‌కేసి కొట్టి, ఆ మ్యాచ్ ఓడిపోయిందట.

"కావాలనా? ఎందుకాంటీ?" టవల్ కిందనుంచి పై ఫ్లోర్ అమ్మాయి అడిగింది.

"కోర్సెట్ గుచ్చుకోవడం అలవాటైపోయిందమ్మా ఆవిడకి. ఇలా గెలవడం మాత్రం అలవాటు చేసుకోదలచుకోలేదు."

టవల్ నా అరచేతిలో వెచ్చగా తడుస్తోంది. "లోపలే పడింది," అన్నాను. "లైన్ మీద. నేను చూశాను."

"ఐ నో," అంది తను. "సరిగ్గా పట్టుకో, కారుతోంది."

మూడు కుట్లు పడ్డాయి. కప్పు తనకే ఇచ్చారు, ప్లాస్టిక్‌ది. బడి తెరిచాక బస్‌లో నా పక్కనే కూర్చుని, ఎక్కినవాళ్లందరికీ కుట్ల మచ్చ చూపించుకుంది.

కాలేజీలో చేరాక ఆవిడ గురించి దొరికినవన్నీ చదివాను. తలపైనుంచి కొట్టే సర్వీసు నిజం, ఓడ నిజం, కోర్సెట్ల నెత్తురు కూడా నిజం. కావాలని ఓడిన మ్యాచ్ మాత్రం ఎక్కడా లేదు. అత్తని అడిగితే, "సిగ్నల్ దగ్గర ఆగాం కదా, అప్పుడు కల్పించాను" అంది.

అయినా ఈ రోజుకీ, నా వైపు అనుమానంగా పడిన ప్రతి బంతినీ లోపలే అంటాను. అందుకే తరచూ ఓడిపోతుంటాను. సరిగ్గా ఆడలేకపోవడం ఇంకో కారణం. మొన్న నేనూ పై ఫ్లోర్ అమ్మాయీ ఆ గీత ఒకసారి చూసొద్దామని పాత కాంప్లెక్స్‌కి వెళ్లాం. కోర్టు తీసేసి విజిటర్ పార్కింగ్ చేశారు. కొత్తగా తెల్లగీతలు కొట్టారు. చక్రం గీత మీదుంటే బండిని టో చేసి లాక్కెళ్లిపోతారు.