గోడ పక్క ఆరడుగులు

మెట్రోలో నా ఒళ్ళో ఉన్న దావా కాగితాల కట్ట బరువుకి బోగీ ఒకవైపు ఒరిగిందంటే మీరు నమ్మాలి. మా ఊళ్ళో ఇంటి స్థలం మీద పన్నెండేళ్ళుగా నడుస్తున్న కేసు అది. లక్ష్మీ నగర్‌లో ఎక్కిన ఒక అమ్మాయి నా పక్కన కూర్చుని, ఈ హిందీ ఊళ్ళో కాగితాల మీద తెలుగు చూసి, తెలుగులోనే పలకరించింది. జడ్జి పరీక్షకు చదువుతోందట.

“కోర్టు తేల్చాల్సిన ప్రశ్న ఏమని రాసుకుంది అంకుల్?”

“నా దస్తావేజు చెల్లుతుందా, లేదా అని.”

“చెల్లదని అవతలోళ్ళు అన్నారా?”

“లేదమ్మా. దస్తావేజు నిజమేనట. గోడ పక్క ఆరడుగులు మాత్రం వాళ్ళదట.”

“అచ్ఛా! మరి హద్దు గురించి ప్రశ్నే లేదేంటి?”

తెరిచిన నోరు రెండు స్టేషన్ల దాకా మూయలేకపోయాను. ఇద్దరు వకీళ్ళు, ముగ్గురు జడ్జీలు, నేను, అందరం కలిసి ఎవరూ కాదనని దస్తావేజు మీద పన్నెండేళ్ళు యుద్ధం చేశామన్నమాట.

“ఇంత దూరం వచ్చాక ఇంకేం మారుస్తారమ్మా?”

“తీర్పు ఇచ్చేలోపు ఎప్పుడైనా మార్చొచ్చు అంకుల్. అడగండి,” అంటూ కట్ట మీద పెన్సిల్‌తో ‘హద్దు ఎక్కడ?’ అని రాసి దిగిపోయింది.

మా వకీలూ నేనూ వెళ్ళి అడిగాం. జడ్జిగారు ఆ ప్రశ్న చేర్చారు. ఇన్నేళ్ళలో మొదటిసారి, మొన్న కోర్టు పంపిన మనిషి టేపు పట్టుకుని మా గోడ దగ్గరికి వచ్చాడు.