ఏడు సెకన్ల పడవ

సినిమావాళ్లూ టీవీవాళ్లూ ఆమెను డబ్బాలక్క అంటారు. ముప్పై ఏళ్ల కిందటి ఊరేగింపు కావాలన్నా, ఎప్పుడో కూలిపోయిన వంతెన మీద రైలు వెళ్తుండగా తీసిన ముక్క కావాలన్నా ఆమె దగ్గరికే రావాలి. పాత వార్తాచిత్రాలు దాచే గోదాములో, కిటికీ లేని గదిలో, తుప్పు పట్టిన రేకు డబ్బాల మధ్య కూర్చుని వెతికిపెడుతుంది. పాడైన ఫిల్ము పులిసిన వాసన వేస్తుంది. ఆ వాసనతో ఇంటికి వెళ్తే, "ముందు స్నానం చేసి రా, తరవాత మాట్లాడుకుందాం" అంటాడు భర్త.

పనిలో ఆమెది ఉడుంపట్టు. డబ్బా మీద రాసింది చచ్చినా నమ్మదు. పైన "వరద" అని ఉండి, లోపల ఎవరో మంత్రిగారి కూతురి పెళ్లి ఉన్న సందర్భాలు ఆమెకు తెలుసు. కళ్లారా చూస్తేగానీ ఎవరికీ ఇవ్వదు. ఈ సంగతి కనిపించినవాళ్లందరికీ చెప్పి ప్రాణం తీస్తుంది కూడా.

ఒకరోజు మధ్యాహ్నం ఒక ముసలామె వచ్చింది. పడవ నడిపేవాడి భార్య. పెద్ద వరదలో ఆయన రెండుసార్లు జనాన్ని ఒడ్డుకు చేర్చి, మూడోసారి వెళ్లి తిరిగి రాలేదు. ఇల్లు కొట్టుకుపోయింది. దానితోపాటు ఆయనది ఉన్న ఒక్క ఫొటో కూడా పోయింది.

"మొహం మరిచిపోతున్నానమ్మా," అంది. "ఎంత తలుచుకున్నా మీసం దాకా వస్తోంది, ఆపైన రావట్లేదు. ఆ రోజు కెమెరావాళ్లు వచ్చారట. ఎక్కడన్నా ఉన్నాడేమో చూడు. ఎడమచేతికి చిటికెనవేలు ఉండదు, రంపం మిషన్లో పోయింది."

మూడు వారాలు, నలభై ఒక్క డబ్బాలు. చివరికి అందరికీ తెలిసిన పడవ షాట్‌లోనే దొరికాడు, చిటికెనవేలు లేని మనిషి. గడవేస్తూ ఏడు సెకన్లు కనిపిస్తాడు. కాకపోతే వేలు లేనిది కుడిచేతికి. ముసలామే పొరపాటు పడి ఉంటుందిలే అనుకుని డబ్బాలక్క కబురు పెట్టింది.

ముసలామె తెర వైపు ఒక్కసారి చూసి తల తిప్పేసుకుంది.

"ఈయన కాదమ్మా. ఏటా వరద రోజున టీవీలో వేస్తారుగా ఇది. మొదటిసారి గుండె ఆగినంత పనైంది. తీరా చూస్తే చెయ్యి వేరు. అప్పట్నుంచీ ఇది రాగానే టీవీ కట్టేస్తా. ఆయనలాగే ఉండి ఆయన కాకపోతే చూళ్లేను."

ఆమె సంచీ తీసుకుని లేచింది. డబ్బాలక్క తెర మీద ఆగిన బొమ్మనే చూస్తూ ఉండిపోయింది. పడవలో ఉన్న మగవాళ్లందరి చొక్కాలకూ గుండీలు ఎడమవైపున ఉన్నాయి, ఆడవాళ్ల చొక్కాలకు ఉన్నట్టు.

బొమ్మలో కుడి ఎడమలు తారుమారయ్యాయని ఆమెకు అర్థమైంది.

ఇరవై ఆరేళ్ల కిందట, ఆ వరదప్పుడు, తను ఎడిటర్ దగ్గర సహాయకురాలు. ముందు షాట్‌లో పడవ కుడివైపు వెళ్తోంది, ఇది ఎడమవైపు వెళ్తే చూసేవాళ్లు తికమకపడతారు, తిరగేసి అతికించమన్నాడాయన. తనే తిరగేసింది. తనే డబ్బా మీద రాసింది, తిరగేసిన సంగతి తప్ప. అందరూ ఆ ముక్కనే నకలు తీసుకున్నారు. లోకంలో ఉన్న రాతలన్నిటినీ అనుమానించిన మనిషి, తన చేతిరాతను ఒక్కనాడూ అనుమానించలేదు.

"కూర్చో పెద్దమ్మా," అంది డబ్బాలక్క. "తప్పు నాది."

జరిగింది చెప్పి, బొమ్మను తిరగేసి వేసింది. ఈసారి పడవ ఎడమవైపు కదిలింది. గడ మీద ఎడమచెయ్యి, చిటికెనవేలు లేకుండా. ఆ పైన మీసం. మీసం పైన మొహం.

తిడుతుందనుకుంది డబ్బాలక్క. తిడితే బాగుండుననుకుంది.

"అయితే ఏటా వచ్చాడన్నమాట," అంది ముసలామె తెర మీదినుంచి చూపు తిప్పకుండా. "నేనే కట్టేశాను."

డబ్బాలక్క ఏడ్చింది. ముసలామెకు ఏడవడానికి తీరిక లేదు, ఉన్నది ఏడు సెకన్లే.

"మళ్లీ వెయ్యమ్మా," అంది.